వందలో ఐదుగురు

నమోదు 211. ఎండ. గాలి లేదు.

పొద్దున్నే ఆస్పత్రి తెప్ప అడుగున పాచి గీకించాను. పాచి పట్టేకొద్దీ తెప్ప ఒకపక్కకి ఒరుగుతుంది. ఒరిగితే ఎక్స్‌రే బల్ల మీద పడుకోబెట్టిన మనిషి జారతాడు. నర్సు రూతమ్మ ఎండోస్కోపు గొట్టాలు రెండూ కడిగి, మందునీళ్ళలో నానబెట్టి, నీడన వేలాడదీసింది. మూడో గొట్టం మెడ విరిగి చాలాకాలమైంది. దాన్ని పారెయ్యలేదు, ఎప్పుడు ఏ ముక్క పనికొస్తుందోనని పెట్టెలో దాచుకున్నాం. కొత్తది పంపే ఊరు ఇప్పుడు నీళ్ళ కింద ఉంది.

చూపించుకోడానికి వచ్చినవాళ్ళలో సగంమందికి కళ్ళు పచ్చబడే ఉన్నాయి. తెప్పలపేటలో ఇది మామూలే. ఇంటికి ఇంత అని పంచే కరెంటు అన్నం వండుకోడానికే బొటాబొటిగా సరిపోతుంది. చేపని ఉప్పులో ఊరబెట్టి పచ్చిదే తింటారు. ఈ జలాశయం చేపలో కంటికి కనబడని పురుగు ఉంది. కాలేయం నుంచి పైత్యరసం దిగే సన్నటి నాళంలోకి ఎక్కి, ఏళ్ళ తరబడి అక్కడే ఉంటుంది. దాని చుట్టూ రాళ్ళు కడతాయి. మాత్ర వేస్తే పురుగు చస్తుంది గాని రాయి ఎక్కడికీ పోదు. దాన్ని తియ్యడం నా పని.

ఐదో వరస తెప్పల నుంచి ఓలేటి అమ్మాజీ వచ్చింది. ముప్ఫై దాటని పిల్ల. వలలు అల్లుతుంది. తిన్న గంటకల్లా కుడి డొక్కలో నొప్పి పట్టి, వీపులోకి పొడిచి, మళ్ళీ దానంతటదే పోతోందట. పక్కన ఆమె భర్త తాతబ్బాయి. అక్క కూతుర్నే చేసుకున్నాడు. అమ్మాజీ తల్లి బుల్లెమ్మ అతనికి అక్కా, అత్తగారూ కూడా.

స్కాన్‌లో చిన్న రాయి కనబడింది.

"తియ్యకపోతే ఏటవుద్దండి?" అంది అమ్మాజీ.

"దానంతటదే జారిపోవచ్చు. జారకపోతే దారి మూసేస్తుంది. లోపల చీము పడుతుంది. వానల్లో అలా అయితే మన దగ్గర అంత మందు ఉండదమ్మా."

"తీత్తే?"

"నోట్లోంచి గొట్టం పంపి, పేగులో ఆ నాళం తెరుచుకునే చోట చిన్న కోత పెట్టి రాయిని లాగుతాను. పొట్ట కొయ్యను. కాని క్లోమం దారి కూడా అక్కడే తెరుచుకుంటుంది. మనం కెలికినందుకు అది వాచిపోవచ్చు. వందలో ఐదుగురికి అలా అవుతుంది. ఎక్కువమందికి రెండు మూడు రోజుల్లో తగ్గిపోతుంది. ఎప్పుడో ఒకరికి ప్రాణం మీదకి వస్తుంది. నెత్తురు పోవడం, పేగుకి చిల్లు పడటం అంతకంటే తక్కువ. కాని అవీ ఉన్నాయి."

అమ్మాజీ మొగుడి వైపు తిరిగింది. "తొంభై ఐదుగురికి ఏమవ్వదంట, మావా."

తాతబ్బాయి నన్నే చూస్తూ నిలబడ్డాడు.

"నాకు నొప్పొచ్చిన రోజు ఈయన కూడు ముట్టడండి," అంది నాతో. "నేనొకదాన్ని పడితే సాలదా, ఇద్దరం మాడాలా? తీసేయండి."

నమోదు 212. ఎండ.

ఎక్స్‌రే వెలిగించాలంటే పేటకంతటికీ కరెంటు ఆపాలి. ఫ్యాన్లు ఆగిపోగానే అందరికీ తెలిసిపోతుంది, ఎవరో బల్లెక్కారని.

అమ్మాజీకి మత్తిచ్చి ఎడంపక్కకి తిప్పి పడుకోబెట్టాం. వాపు రాకుండా ముందుగా పెట్టే మందు పెట్టాం. సెలైను ఎక్కించాం. నాళం తెరుచుకునే చోటు చాలా చిన్నగా ఉంది, ఆవగింజంత. రూతమ్మ తీగ తోస్తోంది, నేను దారి చూపిస్తున్నాను. తీగ పైత్యనాళంలోకి పోకుండా క్లోమం దారి పట్టింది. వెనక్కి లాగాం. మళ్ళీ అటే పోయింది. మూడోసారీ అంతే. అలా అయినప్పుడు క్లోమం దారిలో ఒక సన్నటి గొట్టం ఉంచితే వాపు తగ్గుతుంది. ఉంచాను. ఆ పక్కనుంచి ప్రయత్నిస్తే తీగ సరైన దారి పట్టింది. కోత పెట్టాను. రాయి మినపగింజంత ఉంది, తీగ చివరి చిన్న బుట్టలో పడి వచ్చేసింది. పసుపుపచ్చటి రసం ధారగా దిగింది.

మెలకువ రాగానే రాయి చూపించమంది. చూసి, "దీనికా ఇంత గోల," అని నవ్వింది.

నమోదు 213. మబ్బు.

తెల్లారేసరికి అమ్మాజీకి నొప్పి. ఈసారి పొట్ట నడిమధ్యన మొదలై వీపులోకి. ముందుకి వంగి మోకాళ్ళు పట్టుకుని కూచుంది. ఆపకుండా వాంతులు. రక్తం పరీక్ష చెయ్యకుండానే నాకు అర్థమైంది. చేస్తే అదే వచ్చింది.

పెద్దాయనని అడిగాను. పెద్దాయనంటే మా సలహా యంత్రం. మునిగిపోయిన ఆస్పత్రుల లెక్కలన్నీ దాని కడుపులో ఉన్నాయి. నేను చేస్తున్నదే చెయ్యమంది. సెలైను, నొప్పి మందు, ఎదురుచూడటం.

తాతబ్బాయి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. "ఆ ఐదుగురిలో పడిందాండి?" అన్నాడు.

"పడింది," అన్నాను. "ఎక్కువమందికి తగ్గుతుంది, తాతబ్బాయ్."

నమోదు 215. మొదటి వాన.

తగ్గలేదు. పొట్ట ఉబ్బింది. మూత్రం ఆగిపోతోంది. మధ్యాహ్నానికి ఊపిరి అందక గిలగిల్లాడింది. ఊపిరి యంత్రం పెట్టాలి. అది నడిస్తే పేటలో దీపం ఉండదు, పొయ్యి వెలగదు.

పేట కమిటీవాళ్ళని అడగడానికి పడవెక్కబోతుంటే, వాళ్ళే ఎదురొచ్చారు. అప్పటికే బుల్లెమ్మ ఐదో వరస నుంచి మొదలుపెట్టి తెప్ప తెప్పకీ వెళ్ళి అడిగిందట. ఎవరూ కాదనలేదు. "పిల్లకి ఊపిరి పెట్టండమ్మా, మేం నానబెట్టిన అటుకులు తింటాం," అన్నాడు కమిటీ పెద్ద.

యంత్రం పెట్టాను. పేటంతా చీకటి.

నమోదు 218. వాన.

అమ్మాజీ పోయింది. ఈ రోజు మధ్యాహ్నం.

బుల్లెమ్మ కూతురి పాదాల దగ్గర కూచుని ఉంది. యంత్రం ఆపేశాక ఆ గదిలో ఒక్కసారిగా పడిన నిశ్శబ్దానికి ఆమె తలెత్తింది. నా ముఖం చూసింది. ఏడవలేదు. కూతురి ముక్కుకి అంటించిన ప్లాస్టరు ముక్కలు గోటితో ఒక్కొక్కటే నెమ్మదిగా ఊడదీసింది, చర్మం రేగుతుందేమోనన్నట్టు.

తాతబ్బాయి బయట వానలో నిలబడి ఉన్నాడు. చెప్పడానికి వెళితే చెయ్యెత్తి ఆపాడు. మబ్బుచీకట్లో పేటలో ఒక్కొక్క తెప్ప మీదా దీపాలు మళ్ళీ వెలుగుతున్నాయి. వాటిని చూసి అతనికి తెలిసిపోయింది.

నమోదు 221. వాన.

బల్ల మీదకి ఎవరూ రాలేదు. రాళ్ళున్నాయని తెలిసినవాళ్ళు, తియ్యడానికి రోజు కూడా ఖాయం చేసుకున్నవాళ్ళు, ఎవరూ రాలేదు. నేను ఎవర్నీ పిలవలేదు.

అమ్మాజీకి చేసిన రోజు రికార్డయిన బొమ్మలన్నీ మళ్ళీ వేసుకుని చూశాను. తీగ మొదటిసారి తప్పిన చోట ఆపాను. చెయ్యి ఇంకొంచెం పైకి తిప్పి ఉంటే? రూతమ్మ వెనక నిలబడి కాసేపు చూసి, తెర ఆపేసింది.

"లేవండి డాక్టరుగారూ. అన్నం తిందురుగాని."

"ఆకలిగా లేదు, రూతమ్మా."

"నాకుంది. మీరు తినకపోతే నేనూ తినలేను. లేవండి."

ఇద్దరం తిన్నాం. ఏం తిన్నామో గుర్తులేదు.

నమోదు 228. వాన తెరిపిచ్చింది.

అమ్మాజీ పదో రోజు నిన్న అయిపోయింది. ఈ రోజు తాతబ్బాయి వచ్చాడు. నాతో మాట్లాడటానికి కాదు. పెద్దాయనతో.

"దాన్నడగొచ్చాండి?"

కుర్చీ చూపించాను. కూచోలేదు. యంత్రం ఎదుట చేతులు కట్టుకుని, పెద్దమనుషుల ముందు నిలబడ్డట్టు నిలబడ్డాడు.

"మా ఆవిడికే ఎందుకయ్యిందండి?"

పెద్దాయన గొంతు ఎప్పుడూ ఒక్కలాగే ఉంటుంది. "ఆమె వయసు తక్కువ. ఆడమనిషి. నాళం సన్నం. తీగ క్లోమంలోకి వెళ్ళింది. వీటివల్ల ప్రమాదం పెరుగుతుంది. ఇవన్నీ ఉన్నవాళ్ళలో కూడా ఎక్కువమందికి ఏమీ కాలేదు. ఆమెకే ఎందుకయిందో నాకు తెలియదు."

"డాక్టరమ్మ తప్పు సేసేరా?"

నేను అక్కడే ఉన్నాను. అతను నావైపు తిరగలేదు.

"రికార్డు చూశాను. తీసుకోవలసిన జాగ్రత్తలు తీసుకున్నారు. తప్పు కనబడలేదు."

తాతబ్బాయి కట్టుకున్న చేతులు వదిలేశాడు. తరవాత నాతో అన్నాడు, "తప్పు సేసుంటే బాగుణ్ణండి. తిట్టుకోడానికైనా ఉండేది."

వెళ్ళబోతూ గుమ్మంలో వెలుతురులోకి తిరిగాడు. అప్పుడు చూశాను. అతని కళ్ళలో తెలుపు లేదు.

"తాతబ్బాయ్, ఆగు. మూత్రం ఏ రంగులో వస్తోంది?"

"టీ నీళ్ళలాగొత్తందండి."

"ఎన్నాళ్ళ నుంచి?"

"నాకేం నొప్పి లేదు," అని పడవెక్కేశాడు.

నమోదు 230. వాన.

రూతమ్మా నేనూ వాళ్ళ తెప్పకి వెళ్ళాం. తాతబ్బాయి చూరు కింద వల ముందేసుకుని కూచున్నాడు. సగం వల అమ్మాజీ అల్లింది. మిగతా సగం అతను అల్లుతున్నాడు. ముడులు వేరుగా కనబడుతున్నాయి.

"కామెర్లకి నేలుసిరాకు రసం తాగుతున్నానండి," అన్నాడు.

"ఆకుకి రాయి కరగదు. స్కాన్ తీయించుకో. తీయించుకున్నంత మాత్రాన బల్ల మీదకి ఎక్కించను."

"అమ్మాజీకీ స్కానుతోనే మొదలెట్టేరు."

అందులో కోపం లేదు. రూతమ్మ ఏదో అనబోతే చెయ్యి పట్టుకుని ఆపాను. మాత్రలు కొన్ని అక్కడ పెట్టి వచ్చేశాం. చలిజ్వరం వస్తే మాత్రం గంట కూడా ఆగొద్దని బుల్లెమ్మతో చెప్పాను. ఆమె తలూపింది. నావైపు చూడలేదు.

నమోదు 233. జోరువాన.

భోజనాలవేళ బుల్లెమ్మ తనే పడవ తోసుకుంటూ వచ్చింది. పడవలో తాతబ్బాయి, గోనెపట్టా కప్పుకుని వణుకుతున్నాడు. ఒళ్ళు కాలిపోతోంది. పళ్ళు టకటకా కొట్టుకుంటున్నాయి. స్కాన్ తీశాం. నాళం బొటనవేలంత వెడల్పయింది, నిండా రాళ్ళు. పైన చీము నిలిచిపోయింది. బీపీ పడిపోతోంది.

అతనికి తెలివి ఉంది. చెప్పాను. "ఒక్క మందుతోనే ఆగదు. ఆ చీముకి దారి ఇవ్వాలి. ఇవ్వకపోతే రేపటికి ఉండవు, తాతబ్బాయ్."

"అప్పుడు వందలో ఐదన్నారు. ఇప్పుడెంతండి?"

"నీ నాళం వెడల్పుగా ఉంది, కాబట్టి వాపు ఇంకా తక్కువమందికి వస్తుంది. కాని జ్వరంలో ఉన్నావు, నెత్తురు సరిగా గడ్డకట్టడంలేదు. అందుకని కోత పెట్టను, రాళ్ళు ఇప్పుడు తియ్యను. ఒక చిన్న గొట్టం ఉంచి వచ్చేస్తాను. అయినా ఏమీ జరగదని చెప్పలేను."

"అమ్మాజీకీ తక్కువే అన్నారు."

"అన్నాను."

అతను కళ్ళు మూసుకున్నాడు. "నన్నింటికి తీసుకుపో, అక్కా."

బుల్లెమ్మ మంచం పట్టె మీద కూచుంది. వానకి తడిసిన చీర అలాగే ఉంది.

"ఒరే. ఆ బల్లెక్కే నా పిల్ల పోయింది. అది నీకంటే నాకెక్కువ తెలుసు. ఈవిడ మొహం సూత్తే నాకు కడుపు మండుద్ది." నా ఎదుటే అంది. "అయినా సెప్తన్నాను. ఎక్కు."

"ఎందుకే?"

"ఎందుకేంట్రా? నిన్ను సంకనేసుకుని తిరిగేను. పిల్లనిచ్చేను. అదెల్లిపోయింది. నువ్వూ ఎల్లిపోతే నేనెవరికి వండుకోవాలి?"

తాతబ్బాయి ఏడ్చాడు. అమ్మాజీ పోయాక అతను ఏడవడం నేను చూడటం అదే మొదటిసారి. బుల్లెమ్మ అతని తల ఒళ్ళోకి తీసుకుని, నావైపు చూసి, "కానియ్యండి," అంది.

నమోదు 234. వాన.

మిగతాది నిన్న రాయలేకపోయాను.

కరెంటు ఆపారు. చేతులు కడుక్కున్నాను, మళ్ళీ మొదట్నించీ కడుక్కున్నాను. రూతమ్మ చూసింది. "నేను కూడా భయపడుతున్నానండి," అంది. అంతే అంది. అది విన్నాక చేతులు తుడుచుకున్నాను.

గొట్టం దించాను. నాళం నోరు ఉబ్బి ఎదురుగా నిలబడింది. రూతమ్మ తీగ తోసింది. మొదటిసారికే సరైన దారిలోకి నేరుగా వెళ్ళిపోయింది. తీగ మీదుగా ప్లాస్టిక్ గొట్టం ఎక్కించాను. చీము, నల్లటి రసం, దారాల్లాంటి చచ్చిన పురుగులు, అన్నీ బొళుక్కున దిగాయి. ఇంకేం చెయ్యలేదు, ఎండోస్కోపు వెనక్కి లాగేశాను. ఫ్యాన్లు ఆగాయని బయటికి వచ్చిన జనం ఇంకా తెప్పల మీద సర్దుకుని నిలబడనైనా లేదు, ఫ్యాన్లు మళ్ళీ తిరగడం మొదలుపెట్టాయి.

అంత తొందరగా ఆపేసేసరికి ఏదో అయిపోయిందనుకుని ఎదురు తెప్ప మీద ఎవరో ఆడమనిషి గొల్లుమంది. రూతమ్మ పరుగెత్తుకుని బయటికి వెళ్ళి, "బాగానే ఉన్నాడు, బాగానే ఉన్నాడు," అని కేకలు పెట్టింది.

ఈ రోజు జ్వరం లేదు. నొప్పి లేదు.

నమోదు 236. మబ్బు.

తాతబ్బాయి గంజి తాగాడు. కళ్ళలో పసుపు తగ్గుముఖం పట్టింది. పొద్దున చూడటానికి వెళితే గోడకి ఆనుకుని కూచుని ఉన్నాడు.

"అంత సులువుగా అయిపోయిందాండి?"

"అవును."

"ఒకసారికే?"

"ఒకసారికే."

చేతిలోని గ్లాసు నేల మీద పెట్టాడు. "దానికి నొప్పి మాత్రమేనండి. జ్వరం లేదు, ఏం లేదు. నడుసుకుంటా వచ్చింది. నన్ను అక్క పడవలో పడేసి తెచ్చింది. సచ్చేవోణ్ణి బతికేను, బతికేది సచ్చిపోయింది. ఇదేం లెక్కండి?"

నేను అతని మంచం పక్కన స్టూలు మీద కూచున్నాను. క్షమించమని అడగాలనిపించింది. అడిగితే అతను ఏదో ఒకటి అనాలి, నన్ను ఓదార్చాలి. ఆ బరువు కూడా అతని మీద పెట్టకూడదనుకున్నాను. ఊరికే కూచున్నాను. అతను లేచి వెళ్ళమనలేదు. కాసేపటికి బుల్లెమ్మ వచ్చి, ఇద్దర్నీ చూసి, తనూ కింద కూచుంది.

నమోదు 241. ఎండ.

కమిటీ సమావేశం. ఉప్పుచేప ఉడకబెట్టుకోడానికి ప్రతి వరసకీ ఒక ఉమ్మడి పొయ్యి కావాలని అడిగాను. నేను ఇంతకుముందు కూడా అడిగాను. ఈసారి బుల్లెమ్మ నా వెనక నిలబడింది. పొయ్యిలు ఇస్తామన్నారు. దాని బదులు సాయంత్రం దీపాలు తగ్గుతాయి.

తిరుగుదారిలో పడవలో బుల్లెమ్మ, "ముందే ఇచ్చుంటే," అంది. ఒక్క మాటే. పూర్తి చెయ్యలేదు.

నమోదు 262. ఎండ.

తాతబ్బాయిని రాళ్ళు తియ్యడానికి రమ్మన్నాను, వచ్చాడు. లోపలున్న ప్లాస్టిక్ గొట్టం కూడా అప్పుడే తీసెయ్యాలి, లేకపోతే మూసుకుపోయి మళ్ళీ చీము పడుతుంది. మనిషి చిక్కాడు గాని కళ్ళు తెల్లగా ఉన్నాయి.

బయట బెంచీ మీద అతని పక్కన ఇంకొకామె కూచుని ఉంది. నూకరత్నం, రెండో వరస. అమ్మాజీ వయసే. ఆమెకూ రాయి; నొప్పి వచ్చి పోతోంది. అమ్మాజీ తరవాత తనంతట తాను వచ్చిన మొదటి మనిషి. నేను లోపల గొట్టాలు చూసుకుంటున్నాను. తడిక అవతలి మాటలు వినబడుతున్నాయి.

"అన్నయ్యా, మీకూ ఇదే సేసేరంట కదా?"

"అవునమ్మా."

"ఏం అవలేదు కదా?"

నా చేతులు ఆగిపోయాయి. అతను ఏం చెప్పినా, అది నేను చెప్పగలిగిన దానికంటే ఎక్కువగా ఆమెకి ఎక్కుతుందని తెలుసు.

"నాకేం అవలేదు," అన్నాడు. "మా ఆవిడ పోయింది. అది కూడా ఈ బల్లే ఎక్కింది, ఈ డాక్టరమ్మ సేతుల్లోనే. తప్పేం సెయ్యలేదమ్మా ఈవిడ. నేనడిగేను. ఎవరూ తప్పు సెయ్యకపోయినా పోవచ్చు. అది తెలిసి ఎక్కు."

నూకరత్నం అతనివైపు జరిగినట్టుంది, బెంచీ కిర్రుమంది.

"మళ్ళీ మొదట్నించీ అయితే, మీరు ఒదినని ఎక్కనిత్తారా?"

"తెలీదమ్మా," అన్నాడు తాతబ్బాయి. "రోజూ అదే అడుక్కుంటాను. ఓ రోజు ఎక్కనిత్తానంటాను. ఓ రోజు ఒద్దంటాను. నువ్వు నన్ను సూసి ఎక్కొద్దు, దాన్ని సూసి మానెయ్యొద్దు. మీ ఆయనతో కూకుని మాటాడుకో."

నూకరత్నం లేచి వెళ్ళిపోయింది. ఇంక రాదనుకున్నాను. తాతబ్బాయి రాళ్ళన్నీ తీశాను, గొట్టం తీశాను. అతన్ని మంచం మీదకి మార్చేసరికి ఆమె మొగుణ్ణి వెంటబెట్టుకుని తిరిగొచ్చింది. ఇద్దరి కళ్ళూ ఎర్రగా ఉన్నాయి.

ఎదురుగా కూచోబెట్టి, రాయి ఎక్కడుందో బొమ్మ గీసి చూపించాను. గొట్టం ఎలా వెళ్తుందో చెప్పాను. క్లోమం గురించి మొదలుపెట్టి, "వందలో" అన్నాను. ఆ తరవాతి మాట రాలేదు.

నూకరత్నం నా చేతి మీద చెయ్యి వేసింది.

"అన్నయ్య సెప్పేడండి," అని లేచి, తనే వెళ్ళి బల్ల మీద ఎడంపక్కకి తిరిగి పడుకుంది.